కంప్యూటర్ ఆన్ కావట్లేదా? షాపుకి మోసుకెళ్లే ముందు ఇంట్లోనే చూసుకోవాల్సినవి

తిరుపతిలో ఇంటి కంప్యూటర్ మొరాయించే సమయం ఒకటుంటుంది. మూడు వందల రూపాయల ప్రత్యేక ప్రవేశ దర్శనం టికెట్లు ఆన్‌లైన్‌లో విడుదలయ్యే రోజు. లేదంటే ఈఏపీసెట్ కౌన్సెలింగ్‌లో కాలేజీల ఆప్షన్లు పెట్టడానికి ఆఖరి రోజు. ఆ టెన్షన్‌లో బటన్ పదే పదే నొక్కుతాం, కంప్యూటర్ డబ్బా (కేబినెట్) పక్కన ఒక దెబ్బ కొడతాం, అప్పటికీ లేవకపోతే స్కూటీ ముందు పెట్టుకుని షాపుకి బయలుదేరతాం. అక్కడ తరచూ వినిపించే మాట "ఫార్మాట్ కొట్టేద్దాం అన్నా". అంటే డిస్క్‌లో ఉన్నదంతా చెరిపి విండోస్ మళ్లీ వేయడం. దానితో నిజంగా బాగయ్యే జబ్బులు కొన్నే. మిగతావాటికి ఫార్మాట్ కొడితే జబ్బు అలాగే ఉంటుంది, ఫోటోలు మాత్రం పోతాయి.

అందుకే మోసుకెళ్లే ముందు ఒక గంట కూర్చుని చూడండి. కావాల్సినవి పెద్దగా ఏమీ లేవు. ఒక స్టార్ స్క్రూడ్రైవర్, పిల్లల పెన్సిల్ రబ్బరు, పెయింటింగ్ బ్రష్, టార్చి ఉన్న ఫోన్ చాలు. నేను ముఖ్యంగా డెస్క్‌టాప్ గురించి చెబుతున్నాను. లాప్‌టాప్‌కి తేడా ఉన్నచోట విడిగా చెబుతాను.

ముందుగా, ఎక్కడ ఆగుతోందో చూడండి

ఏ వైరూ కదపకముందు ఒకసారి మామూలుగా ఆన్ చేసి, రెండు నిమిషాలు ఊరికే చూడండి, వినండి. కంప్యూటర్ లేవడానికి ఒక వరుస ఉంది. ముందు ఎస్ఎంపీఎస్ (లోపలి భాగాలన్నింటికీ కరెంటు పంచే డబ్బా) కరెంటు ఇస్తుంది, ఫ్యాన్లు తిరుగుతాయి. తర్వాత మదర్‌బోర్డు (భాగాలన్నీ తగిలించి ఉండే పెద్ద బోర్డు) తన దగ్గరున్న ర్యామ్ (పని నడిచేటప్పుడు వాడే తాత్కాలిక మెమరీ), ప్రాసెసర్ (లెక్కలన్నీ చేసే చిప్పు), డిస్‌ప్లే అన్నీ సరిగా ఉన్నాయా అని చూసుకుంటుంది. అప్పుడు కంపెనీ లోగో కనిపిస్తుంది. ఆ తర్వాత ఫైళ్లు దాచే హార్డ్‌డిస్క్ లేదా ఎస్ఎస్‌డీ కోసం వెతికి, అందులోని విండోస్‌ని పిలుస్తుంది. చివర్లో మన డెస్క్‌టాప్ వస్తుంది.

మీది ఈ వరుసలో ఎక్కడ ఆగింది? అసలు లైటే వెలగలేదా, ఫ్యాన్ తిరుగుతోంది కానీ తెర నల్లగా ఉందా, లోగో వచ్చి ఏదో ఇంగ్లీషు అక్షరాల దగ్గర నిలిచిపోయిందా, విండోస్ మొదలై గుండ్రంగా తిరుగుతూ ఉండిపోయిందా? ఈ ఒక్క సంగతి తెలిస్తే సగానికి పైగా అనుమానాలు తీరిపోతాయి. లోగో కనిపించిందంటే ఎస్ఎంపీఎస్, ర్యామ్, ప్రాసెసర్ దాదాపు బాగానే ఉన్నట్టు. అప్పుడు ర్యామ్ మార్చమని ఎవరైనా అంటే ఎందుకని అడగొచ్చు. తెర మీద ఏ మాట కనిపించినా ఫోన్‌లో ఫోటో తీసి పెట్టుకోండి. తర్వాత అది అక్షరం పొల్లుపోకుండా గుర్తుండదు.

ఇంకో నియమం పెట్టుకోండి. ఒకసారికి ఒక్కటే మార్చాలి. ర్యామ్ తీసి, కేబుల్ మార్చి, బ్యాటరీ పీకి, అన్నీ ఒకేసారి చేస్తే కంప్యూటర్ లేచినా దేనివల్ల లేచిందో తెలియదు. వచ్చే నెల మళ్లీ అదే గొడవ.

లైటే వెలగకపోతే

గోడ దగ్గర నుంచి మొదలుపెట్టండి. అదే సాకెట్‌లో ఫోన్ ఛార్జర్ పెడితే ఛార్జ్ ఎక్కుతోందా? ఎక్కుతుంటే మధ్యలో ఉన్న ఎక్స్‌టెన్షన్ బాక్సు, స్టెబిలైజర్, యూపీఎస్ అన్నీ పక్కన పెట్టి, కంప్యూటర్ పవర్ కేబుల్‌ని నేరుగా గోడకి పెట్టండి. ఇక్కడే చాలా కేసులు తేలిపోతాయి. ఎందుకంటే ఇళ్లలో వాడే చిన్న యూపీఎస్‌లో ఉండేది సాధారణంగా 12 వోల్టుల, 7 ఆంపియర్ అవర్ల బ్యాటరీ. అది రెండు మూడేళ్లకే చచ్చిపోతుంది. బ్యాటరీ పోయిన యూపీఎస్‌లు కొన్ని ఇంట్లో కరెంటు ఉన్నా ఆన్ కావు. కొన్ని ఆన్ అవుతాయి, కంప్యూటర్ బటన్ నొక్కగానే బీప్ అని ఆరిపోతాయి. కంప్యూటర్ పోయిందనుకుని కంగారు పడతాం కానీ పోయింది యూపీఎస్ బ్యాటరీ.

తర్వాత కేబినెట్ వెనక్కి వెళ్లండి. పవర్ కేబుల్ దూర్చే చోట పక్కనే ఒక చిన్న నల్ల స్విచ్ ఉంటుంది, మీద గీత, సున్నా గుర్తులతో. గీత వైపు నొక్కి ఉంటే ఆన్. ఇల్లు ఊడ్చేటప్పుడు, పండగకి దుమ్ము దులిపేటప్పుడు చెయ్యి తగిలి ఇది సున్నా వైపు పడుతుంది. ఆ పవర్ కేబుల్ కూడా బయటికి బాగానే కనిపించి లోపల తెగి ఉండొచ్చు. మానిటర్‌కి కూడా చాలావరకు అదే రకం కేబుల్ ఉంటుంది కాబట్టి రెండూ అటూ ఇటూ మార్చి చూడండి.

వోల్టేజీ సంగతి కూడా చూడాలి. మనకి ఇంటికి రావాల్సింది 230 వోల్టులు. ఎండాకాలం రాత్రి వీధిలో ఏసీలన్నీ ఆన్ అయినప్పుడు ట్యూబ్‌లైటు మినుకుమినుకుమంటుంటే, ఆ సమయంలో కంప్యూటర్ ఆన్ కాకపోవడం వింతేమీ కాదు. ఆగి చూడండి. దానికి ఎదురుగా, బల్బులు ఉన్నట్టుండి బాగా ప్రకాశంగా వెలిగి ఫ్యాన్ గిరగిరా తిరిగిందంటే అది న్యూట్రల్ (కరెంటు తిరిగి వెళ్లే వైరు) లోపం కావొచ్చు. వెంటనే మెయిన్ ఆపేసి కరెంటువాళ్ల 1912 నంబరుకి చెప్పండి. కంప్యూటర్ సంగతి తర్వాత.

ఇప్పుడు ఒక సులువైన పని. పవర్ కేబుల్ పూర్తిగా పీకేసి, ముందున్న పవర్ బటన్‌ని ముప్పై సెకన్లు నొక్కి పట్టుకోండి. లోపల మిగిలిన కరెంటు దిగిపోతుంది. వదిలేసి, మళ్లీ కేబుల్ పెట్టి ఆన్ చేయండి. కరెంటు పోయి వచ్చిన తర్వాత బిగుసుకుపోయిన కంప్యూటర్లు కొన్ని దీనితోనే లేస్తాయి. లాప్‌టాప్ అయితే ఛార్జర్ పీకి ఇలాగే చేయండి. బ్యాటరీ ఊడదీసే రకమైతే దాన్నీ తీసేయండి.

కేబినెట్ ఇనుము ముట్టుకుంటే జివ్వుమంటోందా? అది మీ ఇంటి ఎర్తింగ్ సరిగా లేదని చెబుతోంది. మూడో పిన్ను ఉన్నంత మాత్రాన దాని వెనక ఎర్త్ వైరు ఉందని కాదు. పాత ఇళ్లలో చాలాచోట్ల ఉండదు. దీనికి పిలవాల్సింది కంప్యూటర్ మెకానిక్‌ని కాదు, ఎలక్ట్రీషియన్‌ని.

కేబినెట్ విప్పడం

ఇక్కడ భయపడాల్సింది లేదు, జాగ్రత్త మాత్రం కావాలి. కేబుల్ గోడ నుంచి పీకేయండి. స్విచ్ ఆపితే చాలదు. చేతులు తడిగా ఉండకూడదు. లోపల చెయ్యి పెట్టే ముందు కేబినెట్ ఇనుప భాగాన్ని ఒకసారి ముట్టుకోండి, ఒంటి మీద చేరిన స్టాటిక్ కరెంటు దిగిపోతుంది. వెనక రెండు స్క్రూలు విప్పితే పక్క పలక జారుతుంది. ముందు ఒక ఫోటో తీయండి, ఏ వైరు ఎక్కడుందో అందులో ఉంటుంది. ఎస్ఎంపీఎస్ డబ్బాని మాత్రం ఎప్పుడూ విప్పొద్దు. కేబుల్ పీకిన తర్వాత కూడా దాని లోపలి కెపాసిటర్లలో షాక్ కొట్టేంత కరెంటు ఉంటుంది.

వారంటీ స్టిక్కర్ స్క్రూ మీద అంటించి ఉంటే, వారంటీ ఇంకా నడుస్తుంటే, విప్పకండి. బయటి పరీక్షలతో ఆపేసి కంపెనీ సర్వీసుకి చెప్పండి.

విప్పాక ముందు కనిపించేది దుమ్ము. దానితోపాటు చీమలు, ఎండిన బల్లి, వెనక కార్డు స్లాటు మూత లేకపోతే ఎలుక పిల్లలు పెట్టిన గూడు కూడా. మన ఇళ్లకే ప్రత్యేకమైనది ఇంకొకటుంది. ఆయుధపూజ రోజు కేబినెట్‌కి పసుపు, కుంకుమ పెడతాం, పూలదండ వేస్తాం. తప్పేం లేదు. కానీ ఫ్యాన్ జాలీ మీద పెడితే ఆ పొడి నేరుగా లోపలికి పోతుంది. ముందు భాగంలో బొట్టు పెడితే దేవుడేమీ అనుకోడు. దుమ్ముని పొడి బ్రష్‌తో మెల్లగా దులపండి. బ్లోయర్ వాడితే ఫ్యాన్ రెక్కని వేలితో పట్టుకోండి, గాలికి విపరీతంగా తిరిగితే ఫ్యాన్ దెబ్బతింటుంది. తడిగుడ్డ వద్దు.

లైటు వెలగని కేసులో లోపల చూడాల్సినవి రెండు. ఒకటి, మదర్‌బోర్డుకి వెళ్లే లావాటి 24 పిన్నుల కనెక్టర్. దాన్ని తీసి మళ్లీ క్లిక్‌మనేదాకా నొక్కండి. రెండు, ముందున్న పవర్ బటనే పోయిందేమో. ఏళ్ల తరబడి నొక్కి నొక్కి బటన్ లోపల అరిగిపోతుంది. మదర్‌బోర్డు అంచున పవర్ స్విచ్, రీసెట్ స్విచ్ వైర్లు సన్నటి పిన్నులకి తగిలించి ఉంటాయి. రీసెట్ వైరుని తీసి పవర్ స్విచ్ పిన్నులకి పెట్టి, రీసెట్ బటన్ నొక్కండి. కంప్యూటర్ లేచిందా, అంతే. కొత్త కేబినెట్ కొనక్కర్లేదు, ఇకమీదట రీసెట్ బటన్‌తోనే ఆన్ చేసుకోవచ్చు.

ఇవన్నీ అయినా కదలిక లేకపోతే అనుమానం ఎస్ఎంపీఎస్ మీద. కాలిన వాసన ఉంటే అనుమానం కూడా అక్కర్లేదు. యూట్యూబ్‌లో పచ్చ వైరు, నల్ల వైరు క్లిప్పుతో కలిపి ఫ్యాన్ తిరిగితే బాగున్నట్టే అని చూపిస్తారు. ఆ పరీక్ష తెలిపేది ఎస్ఎంపీఎస్ ఆన్ అవుతోందని మాత్రమే. మొత్తం కంప్యూటర్ బరువు మోయగలదా అనేది దాంతో తేలదు. పక్కింట్లో ఉన్న బాగున్న ఎస్ఎంపీఎస్‌ని తగిలించి చూడటమే సరైన పరీక్ష, షాపువాళ్లు చేసేదీ అదే. కొత్తది కొనాల్సి వస్తే కేబినెట్‌తో ఉచితంగా ఇచ్చే పేరులేని రకం వద్దు. ఇది చెడితే తనొక్కటే పోదు, కొన్నిసార్లు మదర్‌బోర్డుని కూడా తీసుకుపోతుంది.

ఫ్యాన్ తిరుగుతోంది, తెర నల్లగా ఉంది

అన్నింటికంటే ఎక్కువమందికి ఎదురయ్యేది ఇదే, తొందరపడి డబ్బు పోగొట్టుకునేదీ ఇక్కడే. కాబట్టి నిదానంగా వెళ్దాం.

మొదట మానిటర్. దాని కేబుల్‌ని కంప్యూటర్ నుంచి పీకండి. తెర మీద నో సిగ్నల్ అనో, కేబుల్ చూసుకోమనో మాట వస్తే మానిటర్ బతికే ఉంది. ఏమీ రాకపోతే మానిటర్‌కే కరెంటు లేదు. తర్వాత మానిటర్ బటన్లతో సోర్స్, అంటే ఏ కేబుల్ నుంచి బొమ్మ తీసుకుంటోందో చూడండి. కేబుల్ హెచ్‌డీఎంఐలో ఉండి, మానిటర్ వీజీఏ కోసం చూస్తుంటే రోజంతా నల్లగానే ఉంటుంది. ఇంట్లో టీవీ ఉంటే హెచ్‌డీఎంఐ కేబుల్‌తో దానికి తగిలించి కూడా చూడొచ్చు.

విడిగా గ్రాఫిక్స్ కార్డు (తెర మీదికి బొమ్మ పంపే కార్డు) ఉంటే మానిటర్ కేబుల్ ఆ కార్డుకే పెట్టాలి, పైన మదర్‌బోర్డుకి ఉన్న రంధ్రంలో కాదు. ఇంటెల్ ప్రాసెసర్ పేరు చివర ఎఫ్ అక్షరం ఉంటే అందులో సొంత గ్రాఫిక్స్ ఉండవు, మదర్‌బోర్డు పోర్టులో పెడితే బొమ్మ రానే రాదు. దీనికి వ్యతిరేకమైన పరీక్ష కూడా ఉంది. మీ ప్రాసెసర్‌లో సొంత గ్రాఫిక్స్ ఉంటే, కార్డుని తీసేసి మదర్‌బోర్డు పోర్టుకే కేబుల్ పెట్టండి. బొమ్మ వస్తే తప్పు కార్డుదే.

తర్వాతది ర్యామ్. నల్ల తెరకి నూటికి ఎన్నిసార్లు ఇదే కారణమో లెక్క చెప్పలేను కానీ, నేను ముందుగా చెయ్యి పెట్టేది దీని మీదే. కేబుల్ పీకి, ర్యామ్ రెండు చివరలా ఉన్న క్లిప్పులు వెనక్కి నొక్కితే అది పైకి లేస్తుంది. కింది అంచున బంగారు రంగు గీతలుంటాయి. వాటి మీద తేమ, దుమ్ము పేరుకుని పొర కడుతుంది. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా వానల్లో ఇంకా ఎక్కువ. తెల్ల పెన్సిల్ రబ్బరుతో ఆ గీతలని మెల్లగా రుద్దండి, పొడి ఊదేయండి. వేళ్లతో ఆ గీతలు ముట్టుకోవద్దు. స్లాటులో దుమ్ము ఉంటే బ్రష్‌తో తీయండి. ఇప్పుడు ర్యామ్‌ని గాడి చూసుకుని పెట్టి, రెండు బొటనవేళ్లతో గట్టిగా నొక్కండి. క్లిప్పు తనంతట తాను పడాలి. కొత్తవాళ్లు భయపడి సగం నొక్కి వదిలేస్తారు, మళ్లీ నల్ల తెరే. రెండు ర్యామ్‌లుంటే ఒక్కటే పెట్టి చూడండి, అది రాకపోతే రెండోది పెట్టండి, తర్వాత స్లాటు మార్చండి. ఏ ర్యామ్, ఏ స్లాటు పాడైందో ఇలా మీరే పట్టుకోవచ్చు. డీడీఆర్5 రకం ర్యామ్ ఉన్న కొత్త కంప్యూటర్లలో ఒక సంగతి. ర్యామ్ తీసి పెట్టాక మొదటిసారి బొమ్మ రావడానికి కొన్ని నిమిషాలు పట్టొచ్చు. అది ర్యామ్‌ని అలవాటు చేసుకుంటోంది, మధ్యలో ఆపేయకండి.

కంప్యూటర్ మీకేదో చెప్పడానికి ప్రయత్నిస్తుందని కూడా గమనించండి. లోపల చిన్న స్పీకర్ ఉంటే బీప్ శబ్దాలు వస్తాయి. ఆగకుండా బీప్‌లు కొడుతుంటే చాలావరకు ర్యామ్. ఒక పొడుగు, రెండు పొట్టి బీప్‌లు చాలా పాత బోర్డుల్లో డిస్‌ప్లే లోపం. బయోస్ (ఆన్ చేయగానే బోర్డులో ముందుగా నడిచే చిన్న ప్రోగ్రాం) తయారుచేసిన కంపెనీని బట్టి ఇవి మారతాయి కాబట్టి మీ బోర్డు మోడల్ పేరుతో వెతికి చూసుకోవాలి. కొత్త బోర్డుల్లో చాలావాటికి నాలుగు చిన్న లైట్లుంటాయి, పక్కన సీపీయూ (ప్రాసెసర్), డీర్యామ్ (ర్యామ్), వీజీఏ (డిస్‌ప్లే), బూట్ (విండోస్ ఉన్న డిస్క్) అని రాసి ఉంటుంది. వెలిగి ఆరకుండా నిలిచిపోయిన లైటే దోషి ఎక్కడుందో చూపిస్తుంది.

ప్రాసెసర్ పక్కన నాలుగు లేదా ఎనిమిది పిన్నుల చిన్న పవర్ కనెక్టర్ ఉంటుంది. అది ఊడితే ఫ్యాన్లు తిరుగుతాయి, బొమ్మ రాదు. శుభ్రం చేసే హడావిడిలో దీన్ని పెట్టడం మరిచిపోతుంటారు.

ఆన్ అయి కొన్ని సెకన్లకో, ఒకట్రెండు నిమిషాలకో తనంతట తానే ఆరిపోతుంటే ముందు అనుమానించాల్సింది వేడిని. ప్రాసెసర్ మీది ఫ్యాన్ తిరుగుతోందా, దాని నాలుగు మూలల ప్లాస్టిక్ పిన్నులు బోర్డులో దిగి ఉన్నాయా చూడండి. ఇంటెల్ ప్రాసెసర్‌తో వచ్చే ఫ్యాన్‌కి ఈ పిన్నుల్లో ఒకటి లేచిపోవడం మామూలే. ఫ్యాన్‌ని పూర్తిగా తీస్తే కింద పాత థర్మల్ పేస్టు (ప్రాసెసర్ వేడిని ఫ్యాన్ భాగానికి చేరవేసే పూత) తుడిచి కొత్తది రాయకుండా మళ్లీ బిగించకండి.

ఇంకా రాకపోతే తగ్గించుకుంటూ రండి. హార్డ్‌డిస్క్, డీవీడీ డ్రైవ్, ప్రింటర్, పెన్‌డ్రైవ్, వెబ్‌క్యామ్ అన్నీ పీకేసి, ఒక ర్యామ్, ప్రాసెసర్, కీబోర్డు, మానిటర్‌తో ఆన్ చేయండి. లోగో వస్తే ఒక్కొక్కటే తిరిగి పెడుతూ పోండి. ఏది పెట్టగానే ఆగిందో దానిదే తప్పు.

గుండ్రటి చిన్న బ్యాటరీ

మదర్‌బోర్డు మీద రూపాయి నాణెంలా ఉండే సీఆర్2032 బ్యాటరీ ఉంటుంది, 3 వోల్టులది. వాచీ రిపేరు కొట్టులో కూడా దొరుకుతుంది. దీని పని తారీఖు, సమయం, బయోస్ సెట్టింగులు గుర్తుంచుకోవడం. అయిదారేళ్ల కంప్యూటర్‌లో అది అయిపోతే ఆన్ చేసిన ప్రతిసారీ ఎఫ్1 నొక్కమని అడుగుతుంది, తారీఖు ఏళ్ల వెనక్కి పోతుంది. తారీఖు తప్పైతే బ్యాంకు, టికెట్ వెబ్‌సైట్లు భద్రత లేదని హెచ్చరించి తెరుచుకోవు. నెట్ పోయిందని అనుకుంటాం కానీ గడియారం కింద తారీఖు ఒకసారి చూడండి.

కేబుల్ పీకి, ఈ బ్యాటరీని అయిదు నిమిషాలు తీసి పెడితే బయోస్ సెట్టింగులు మొదటికి వస్తాయి. నల్ల తెర కేసుల్లో ఇదొక మంచి మందు. అయితే ఒక ఇబ్బంది ఉంది. కొన్ని కంప్యూటర్లలో డిస్క్ పనిచేసే పద్ధతి ముందు ఒకలా పెట్టి ఉండి, ఇప్పుడు ఇంకోలా మారిపోతుంది. అప్పుడు లోగో వస్తుంది కానీ విండోస్ నీలి తెరతో ఆగిపోతుంది. బయోస్‌లోకి వెళ్లి (ఏ కీతో అన్నది కింద చెప్పాను) ఆ పద్ధతిని చూపే సాటా మోడ్‌ని ఏహెచ్‌సీఐ నుంచి రెయిడ్‌కి, లేదా రెయిడ్ నుంచి ఏహెచ్‌సీఐకి మార్చి చూడండి. విండోస్ వచ్చేస్తే ఏ నష్టమూ జరగలేదు. ఈ సంగతి తెలియక ఫార్మాట్ కొట్టించుకున్నవాళ్లు ఎందరో.

లోగో వచ్చి, బూట్ డివైస్ లేదంటే

బూట్ డివైస్ అంటే విండోస్ ఉన్న డిస్క్. ముందు యూఎస్‌బీ పోర్టులన్నీ చూడండి. పెన్‌డ్రైవ్, కెమెరా కార్డు ఏదైనా పెట్టి వదిలేస్తే కంప్యూటర్ దాంట్లో విండోస్ కోసం వెతికి లేదని చెబుతుంది. పీకి రీస్టార్ట్ చేయండి.

అప్పటికీ అదే మాటైతే బయోస్‌లోకి వెళ్లండి. అసెంబుల్ చేయించిన కంప్యూటర్లలో ఎక్కువగా డిలీట్ కీ, డెల్‌లో ఎఫ్2, హెచ్‌పీలో ఎఫ్10. లోగో రాకముందు నుంచే వరుసగా తడుతూ ఉండాలి. అక్కడ డ్రైవుల జాబితాలో మీ హార్డ్‌డిస్క్ లేదా ఎస్ఎస్‌డీ పేరు కనిపిస్తోందా? కనిపిస్తే బూట్ వరుసలో దాన్ని పైకి తెచ్చి సేవ్ చేయండి. విండోస్ బూట్ మేనేజర్ అని ఉంటే దాన్నే మొదట పెట్టాలి. కనిపించకపోతే కంప్యూటర్ ఆపి, డిస్క్‌కి వెళ్లే సన్న సాటా కేబుల్, వెడల్పు పవర్ కేబుల్ రెండూ తీసి మళ్లీ పెట్టండి, వీలైతే సాటా కేబుల్ మార్చండి. ఇది చవక వస్తువు, చాలాసార్లు నేరస్థురాలు ఇదే.

ఒక్క సందర్భంలో మాత్రం అన్నీ ఆపేయాలి. హార్డ్‌డిస్క్ నుంచి టక్ టక్ టక్ అని ఒకే తీరున శబ్దం వస్తుంటే, మళ్లీ మళ్లీ ఆన్ చేసి చూడకండి. లోపలి భాగాలు దెబ్బతిన్నాయి. ప్రతి ప్రయత్నానికీ మిగిలిన ఫైళ్లు తగ్గిపోతుంటాయి. అందులో ఉన్నవి మీకు ప్రాణమైతే డేటా రికవరీ చేసేవాళ్ల దగ్గరికే తీసుకెళ్లండి. చెక్‌డిస్క్ (డిస్క్‌లో తప్పులు వెతికే విండోస్ ప్రోగ్రాం) నడిపితే బాగవుతుందని ఎవరు చెప్పినా ఈ స్థితిలో వద్దు.

విండోస్ మొదలై ఆగిపోతే

అప్‌డేట్ జరుగుతూ శాతం అంకె కదులుతుంటే ఆపకండి. పాత హార్డ్‌డిస్క్ ఉన్న కంప్యూటర్‌లో గంట పట్టినా ఆశ్చర్యపోనక్కర్లేదు. పాస్‌వర్డ్ కొట్టాక తెర నల్లగా ఉండి మౌస్ బాణం మాత్రమే కనిపిస్తే, విండోస్, కంట్రోల్, షిఫ్ట్, బీ నాలుగూ కలిపి నొక్కండి, డిస్‌ప్లే డ్రైవర్ (తెరని నడిపే సాఫ్ట్‌వేర్) మళ్లీ మొదలవుతుంది.

వీటితో లేవకపోతే రిపేరు తెర తెచ్చుకోవాలి. విండోస్ లోగో కనిపించగానే పవర్ బటన్ నొక్కి పట్టి ఆపండి. వరుసగా రెండు మూడుసార్లు ఇలా ఆగితే, తర్వాతిసారి విండోస్ తనే ఆటోమేటిక్ రిపేర్‌లోకి వెళ్తుంది. అక్కడ అడ్వాన్స్‌డ్ ఆప్షన్స్, ట్రబుల్‌షూట్ అని ఉంటాయి. నేను చెప్పే వరుస ఇది. ముందు స్టార్టప్ రిపేర్. పనిచేయకపోతే, ఈమధ్యే అప్‌డేట్ వచ్చి ఉంటే అన్ఇన్‌స్టాల్ అప్‌డేట్స్. తర్వాత సిస్టమ్ రిస్టోర్, ఇది కంప్యూటర్‌ని పాత తారీఖు స్థితికి తీసుకెళ్తుంది, మీ ఫోటోలు, డాక్యుమెంట్లు ముట్టుకోదు. ఆ తర్వాత స్టార్టప్ సెట్టింగ్స్‌లోకి వెళ్లి, రీస్టార్ట్ అయ్యాక 4 నొక్కితే సేఫ్ మోడ్. సేఫ్ మోడ్‌లో లేచిందంటే విండోస్ బాగానే ఉంది, కొత్తగా వేసిన డ్రైవరో, యాంటీవైరసో, ఇంకేదో సాఫ్ట్‌వేరో అడ్డుపడుతోంది. దాన్ని తీసేయండి. 2024 జూలై 19న ప్రపంచమంతా విమానాశ్రయాల్లో, ఆసుపత్రుల్లో నీలి తెరలు వచ్చాయి కదా, అది క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సాఫ్ట్‌వేర్ అప్‌డేట్‌లో ఒక్క ఫైలు వల్ల. చాలా కంప్యూటర్లని బాగుచేసింది సేఫ్ మోడ్‌లోకి వెళ్లి ఆ ఒక్క ఫైలు తీసేయడంతోనే. వాటికి ఫార్మాట్ అక్కర్లేకపోయింది.

మధ్యలో బిట్‌లాకర్ కీ అడిగితే కంగారు వద్దు. కొత్త లాప్‌టాప్‌లు చాలావాటిలో మైక్రోసాఫ్ట్ ఖాతాతో లాగిన్ కాగానే డిస్క్‌కి తాళం పడుతుంది, మనకి చెప్పకుండానే. అది 48 అంకెల కీ. ఫోన్‌లో అదే మైక్రోసాఫ్ట్ ఖాతాలోకి వెళ్లి మీ డివైస్ కింద చూస్తే దొరుకుతుంది. కంప్యూటర్ బాగున్న రోజే ఈ కీని కాగితం మీద రాసి బీరువాలో పెట్టుకోండి. కీ లేకపోతే ఆ ఫైళ్లు ఎవరి చేతిలోనూ తెరుచుకోవు, మైక్రోసాఫ్ట్‌కి కూడా.

రీసెట్ దిస్ పీసీ అనే ఆప్షన్ ఆఖరిది. కీప్ మై ఫైల్స్ ఎంచుకున్నా సాఫ్ట్‌వేర్లన్నీ పోతాయి. అంతదాకా వస్తే ముందు ఫైళ్లు బయటికి తీయండి.

ఫైళ్లు బయటికి తీయడం ఎలా

స్నేహితుల కంప్యూటర్‌లో రూఫస్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌తో 8 జీబీ పెన్‌డ్రైవ్ మీద లినక్స్ మింట్ (విండోస్ బదులు వాడుకునే ఉచిత ఆపరేటింగ్ సిస్టమ్) వేసుకోండి. పెన్‌డ్రైవ్‌లో ముందున్నవన్నీ చెరిగిపోతాయి, చూసుకోండి. దాన్ని మీ కంప్యూటర్‌కి పెట్టి, ఆన్ చేసేటప్పుడు బూట్ మెనూ కీ తట్టండి. డెల్, లెనోవో, గిగాబైట్‌కి ఎఫ్12, హెచ్‌పీకి ఎఫ్9, ఆసుస్ మదర్‌బోర్డుకి ఎఫ్8, ఎంఎస్ఐకి ఎఫ్11. పెన్‌డ్రైవ్‌ని ఎంచుకుంటే లినక్స్ దాని మీద నుంచే నడుస్తుంది, మీ డిస్క్‌లో ఏమీ మార్చదు. ఇన్‌స్టాల్ అనే గుర్తు మీద మాత్రం నొక్కకండి. ఫైల్ మేనేజర్‌లో మీ విండోస్ డ్రైవ్ తెరిచి, యూజర్స్ ఫోల్డర్‌లో మీ పేరు కింద ఉన్న డెస్క్‌టాప్, డాక్యుమెంట్స్, పిక్చర్స్, డౌన్‌లోడ్స్ నాలుగూ ఇంకో బయటి డిస్క్‌లోకి కాపీ చేసుకోండి. ఇది అయ్యాక ఎవరేం ఫార్మాట్ కొట్టినా మీకు నిద్ర పడుతుంది.

విండోస్ మళ్లీ వేయించాల్సి వస్తే, విండోస్ 10కి 2025 అక్టోబరు 14తో మైక్రోసాఫ్ట్ సాధారణ మద్దతు ముగిసిందని గుర్తుంచుకోండి. మీ కంప్యూటర్ విండోస్ 11కి సరిపోతుందేమో అడగండి. సరిపోకపోతే, నెట్ చూడటానికి, టికెట్లు తీయడానికి, ఉత్తరాలు టైప్ చేయడానికి అదే లినక్స్ మింట్ సరిపోతుంది, డబ్బు కట్టక్కర్లేదు.

వానాకాలం, నీళ్లు

ఉరుములు మొదలవగానే పవర్ ప్లగ్గు ఒక్కటే కాదు, ల్యాన్ కేబుల్ (ఇంటర్నెట్ వైరు) కూడా పీకండి. పిడుగు ఆ దారిలో వచ్చి మదర్‌బోర్డుని కాల్చడం మామూలే. 2021 నవంబరు వానలకి తిరుపతి పల్లపు కాలనీల్లో ఇళ్లలోకి నీళ్లొచ్చిన సంగతి తెలిసిందే. కేబినెట్‌ని నేల మీద పెట్టుకోకండి. నీళ్లు తగిలితే పనిచేస్తుందా అని ఆన్ చేసి చూడటమే చేయకూడని పని. కేబుల్ పీకి, పలక తీసి, ఎండ తగలని గాలిలో చాలా రోజులు ఆరనిచ్చాకే ఎవరికైనా చూపించండి.

షాపుకి వెళ్లాల్సి వస్తే

"ఆన్ కావట్లేదు" అని మాత్రం చెప్పకండి. "ఫ్యాన్ తిరుగుతోంది అన్నా, బొమ్మ రావట్లేదు, ర్యామ్ రుద్ది పెట్టాను, స్లాటు మార్చాను, ఇంకో మానిటర్‌తో చూశాను" అనండి. ఆ మాటతో మీరు విప్పి చూశారని వాళ్లకి అర్థమవుతుంది, బేరం కూడా మారుతుంది. సమస్య డిస్క్‌ది కాదని తేలితే డిస్క్ ఊడదీసి ఇంట్లోనే పెట్టి మిగతాది తీసుకెళ్లండి. తీసుకెళ్లక తప్పకపోతే ర్యామ్, డిస్క్ మీది సీరియల్ నంబర్లు ఫోటో తీసుకోండి. మార్చిన పాత భాగం మీకే ఇవ్వమనండి. కొత్త భాగానికి బిల్లు తీసుకోండి. ర్యామ్, ఎస్ఎస్‌డీ, ఎస్ఎంపీఎస్ ఒక్కోదానికి విడిగా ఏళ్ల వారంటీ ఉంటుంది, బిల్లు లేకపోతే దాన్ని అడగడం కష్టం. పాత మోడల్ మదర్‌బోర్డు ఇక్కడ దొరకదంటే చెన్నైలో కంప్యూటర్ భాగాల కొట్లుండే రిచీ స్ట్రీట్‌లో వెతకొచ్చు. అక్కడికి వెళ్లేటప్పుడు పాత బోర్డు ఫోటో, ప్రాసెసర్ మోడల్ నంబరు, ర్యామ్ డీడీఆర్3నా డీడీఆర్4నా అన్నది రాసుకుని వెళ్లండి. మీ ప్రాసెసర్ ఒక రకమై, దాన్ని కూర్చోబెట్టే సాకెట్ ఇంకో రకంగా ఉన్న బోర్డు కొనుక్కొస్తే మళ్లీ బస్సెక్కాల్సి వస్తుంది.